మూసీ ఒడ్డు దవాఖానా

సభలోని పెద్దలకు, వైద్య విద్యార్థులకు, నర్సింగ్ కాలేజీ నుంచి వచ్చిన అమ్మాయిలకు నమస్కారం.

ఉస్మానియా దవాఖానా గురించి మాట్లాడమన్నారు. నేను హౌస్ సర్జన్‌గా తెల్లకోటు వేసుకున్నది అక్కడే, అందుకని కాస్త ప్రేమగానే మాట్లాడతాను. ముందు అక్కడి చింతచెట్టు సంగతి చెప్తాను.

1908 సెప్టెంబరు 28న మూసీ పొంగింది. ఊళ్ళకు ఊళ్ళు కొట్టుకుపోయినట్టు అఫ్జల్‌గంజ్ బస్తీలు కొట్టుకుపోయాయి. వేల మంది చనిపోయారు. ప్రాణం దక్కించుకోవాలని దాదాపు 150 మంది ఈ చింతచెట్టు ఎక్కి, కొమ్మలు పట్టుకుని వేలాడారు. వరద తగ్గేదాకా చెట్టు వాళ్ళను వదల్లేదు. ఆ చెట్టు ఇప్పటికీ దవాఖానా ఆవరణలో ఉంది. డ్యూటీ మధ్యలో దాని కింద కూర్చుని టీ తాగేవాళ్ళం. అది ఎంతమందిని బతికించిన చెట్టో నాకు చాలా ఏళ్ళ తర్వాత గానీ తెలియలేదు. అప్పుడే తెలిసి ఉంటే ఆ మొదలు మీద ఒక్కసారైనా చెయ్యి వేసేవాణ్ణి.

ఆ వరదలో పోయినవాటిలో ఒక ఆస్పత్రి కూడా ఉంది. మొదటి సాలార్‌జంగ్ దివాన్‌గా ఉన్నప్పుడు, 1866లో, అఫ్జల్‌గంజ్‌లో పెట్టిన దవాఖానా అది. ఆ దెబ్బ తర్వాతే హైదరాబాద్ మేల్కొంది. మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించారు. మూసీ మీద ఉస్మాన్‌సాగర్, మూసీలో కలిసే ఈసీ మీద హిమాయత్‌సాగర్ కట్టారు. 1911లో గద్దెనెక్కిన ఏడో నిజాం మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ అదే నది ఒడ్డున కొత్త దవాఖానా కట్టించారు. నమూనా గీసింది విన్సెంట్ ఎష్. నదికి అవతల ఉన్న హైకోర్టు, ఇటు కాచిగూడ స్టేషన్ కూడా ఆయన గీసినవే. నయాపూల్ మీద నిలబడి చూడండి, ఒక గట్టున న్యాయం, ఇంకో గట్టున వైద్యం, మధ్యలో మూసీ. గుమ్మటాల కింద రాయి, డంగుసున్నం, ఎత్తైన కప్పులు. ఫ్యాన్లు లేని రోజుల్లో రోగికి గాలి ఆడాలని ఆలోచించి కట్టిన వార్డులవి.

అంతకన్నా పాత సంగతి ఒకటుంది, వైద్య విద్యార్థులు తప్పకుండా వినాలి. ఉస్మానియా మెడికల్ కాలేజీ మూలం 1846లో మొదలైన హైదరాబాద్ మెడికల్ స్కూల్. 1880ల చివర్లో దానికి పెద్దగా ఉన్న సర్జన్ ఎడ్వర్డ్ లారీ. ఆపరేషన్‌కు మత్తుగా క్లోరోఫామ్ ఇస్తే కొందరు బల్ల మీదే చనిపోయేవారు. ముందు గుండె ఆగుతుందా, ఊపిరి ఆగుతుందా అని ప్రపంచమంతా వాదన. 1888లో, మళ్ళీ 1889లో హైదరాబాద్‌లోనే క్లోరోఫామ్ కమిషన్లు వేసి, వందల జంతువుల మీద పరీక్షలు చేశారు. రెండోసారి లండన్ నుంచి డాక్టర్ లాడర్ బ్రంటన్ రావడానికి ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్ వెయ్యి పౌండ్లు ఇచ్చారు. ‘నాడిని కాదు, ఊపిరిని చూడండి’ అన్నది లారీ వాదం. గుండె కూడా హఠాత్తుగా ఆగిపోగలదని తర్వాతివాళ్ళు తేల్చారు, ఆయన మాట పూర్తిగా నిలవలేదు. అయినా మత్తులో ఉన్న మనిషి ఛాతీ మీంచి చూపు తిప్పొద్దన్న ఆ పట్టుదల నాకెంతో ఇష్టం.

ఆ స్కూల్లో 1885లో చేరిన అమ్మాయిల్లో రూపాబాయి ఫర్దూన్‌జీ ఒకరు. క్లోరోఫామ్ ఇవ్వడంలో చెయ్యి తిరిగి, ప్రపంచంలోనే తొలి మహిళా మత్తు డాక్టర్లలో ఒకరయ్యారు. ఆడపిల్ల గడప దాటడమే గగనమైన రోజులవి. మన నగరంలో ఆమె పేరు ఎంతమందికి తెలుసు? తెలియకపోవడం నాకు బాధగా ఉంటుంది.

ఇక ఇప్పటి పని. పిల్లలకు నీలోఫర్, పురుళ్ళకు పేట్లబురుజు, కళ్ళకు సరోజినీదేవి, చెవి ముక్కు గొంతుకు కోఠి. ఇవన్నీ ఉస్మానియా కాలేజీ కుటుంబమే. మిగతా బరువంతా పెద్దదవాఖానాది. యాక్సిడెంటు, కాలిన గాయాలు, పాముకాటు, పురుగుమందు తాగిన కేసు, ఏ అర్ధరాత్రి వచ్చినా క్యాజువాలిటీ తలుపు మూసి ఉండదు. కాలేయ మార్పిడి లాంటి పెద్ద ఆపరేషన్లు కూడా ఇక్కడ పేదవాళ్ళకు చేశారు. పాలమూరు, నల్లగొండ నుంచే కాదు, బీదర్, రాయచూర్ వైపు నుంచి కూడా బస్సెక్కి వస్తారు.

ఒకరోజు ఓపీలో నారాయణపేట వైపు నుంచి వచ్చిన ఒక ముసలమ్మ నా ముందు కూర్చుంది. కడుపు పట్టుకుని కన్నడం కలిసిన తెలుగులో ఏదో చెప్తోంది. నాకు సగమే అర్థమైంది. వెనక తుడుస్తున్న ఆయమ్మ కర్ర గోడకానించి వచ్చింది. ముసలమ్మ భుజం మీద చెయ్యేసి, నాలుగు మాటలు కన్నడంలో అడిగి, ‘మూడు రోజులైందట సార్, అన్నం నిలుస్తలేదట’ అని నాతో తెలుగులో అంది. పక్కనున్న ఇంకొకతను ‘అమ్మా, ఎక్స్‌రే కిధర్?’ అంటే ఉర్దూలో దారి చూపించి, మళ్ళీ కర్ర అందుకుంది. ఆ పూట నేను రాసిన మందుచీటీలో సగం వైద్యం ఆవిడదే.

రోగి వెంట వచ్చేవాళ్ళ గురించి కూడా చెప్పాలి. మంచం మీద ఒకరుంటే, బయట చెట్ల కింద సంచీ తలకింద పెట్టుకుని ఇద్దరుంటారు. 2022లో వాళ్ళకు ఐదు రూపాయల భోజనం మొదలైనప్పుడు నాకు నిజంగా సంతోషమేసింది. ఆకలితో ఉన్న తోడు రోగికి ధైర్యమేం చెప్తుంది?

2020 జూలైలో వానకు పాత భవనం వార్డుల్లోకి నీళ్ళొచ్చాయి. ఆ తర్వాత దాన్ని ఖాళీ చేయించి తాళం వేశారు. గోషామహల్‌లో రెండు వేల పడకల కొత్త ఆస్పత్రికి 2025 జనవరి 31న శంకుస్థాపన జరిగింది. కొత్తది కావాల్సిందే, అందులో రెండో మాట లేదు. వెలుతురు, లిఫ్టులు, శుభ్రమైన ఆపరేషన్ థియేటర్లు పేదవాడి హక్కు. అలాగని పాతదాన్ని కూలనివ్వకూడదు. రాయి గట్టిగానే ఉంది, కారే కప్పులు, మురుగు కాల్వలు బాగుచేస్తే నిలబడుతుంది. వైద్యానికి పనికిరాకపోతే అందులో మెడికల్ మ్యూజియం పెట్టండి, రూపాబాయి పేరున ఒక గది పెట్టండి.

ఈసారి సెప్టెంబరు 28న పొద్దున ఆ చింతచెట్టు దగ్గరికి రండి. గేటు దాటాక ఎవర్నడిగినా చూపిస్తారు. వచ్చేటప్పుడు ఓపీ లైనుకు అడ్డం రాకుండా పక్కనుంచి నడవండి.