గురువు, లఘువు గుర్తుంటే జపనీస్ పాట వచ్చేస్తుంది: టోక్యో కరావోకే గదిలో పాఠం

[తెర మీద: సాయంత్రం షింజుకు వీధి. నిలువుగా వేలాడుతున్న నియాన్ బోర్డులు. కెమెరా ఒక కరావోకే బిల్డింగ్ గుమ్మం దగ్గర ఆగుతుంది.]

జపాన్ వెళ్లే మనవాళ్ల లిస్టు ఎవరిది చూసినా ఇంచుమించు ఒకటే. ఫూజీ కొండ, షిబుయా క్రాసింగ్, బుల్లెట్ ట్రైన్, క్యోటో గుళ్లు. అన్నీ చూడాల్సినవే. అందులోంచి ఒక రెండు గంటలు మిగిల్చి ఇలాంటి కరావోకే గదిలో కూర్చోమంటాను. వచ్చిన పాటలు పాడుకోవడానికి కాదు. ఒక్క జపనీస్ పాట, మొదటి నుంచి చివరి దాకా, నేర్చుకోవడానికి.

భాష రాదు కదా అంటారా? ఒక్క పాటకి భాషంతా అక్కర్లేదు. బళ్లో తెలుగు మాస్టారు పద్యం బోర్డు మీద రాసి గురువు, లఘువు గుర్తించమనేవారు చూడండి, అది లీలగా గుర్తున్నా చాలు. ఎలాగో పాటతోనే చూపిస్తాను. ముందు లోపలికి వెళ్దాం.

[తెర మీద: రిసెప్షన్ కౌంటర్. తర్వాత సన్నటి కారిడార్, వరసగా తలుపులు.]

ఇక్కడ కరావోకే అంటే పదిమంది ముందు స్టేజీ ఎక్కడం కాదు. ఒక చిన్న గది, సోఫా, టీవీ, రెండు మైకులు. మీ గదిలో మీవాళ్లే. బిగ్ ఎకో, కరావోకే కాన్, మానెకినెకో లాంటి చెయిన్లు పెద్ద స్టేషన్లు చాలావాటి దగ్గర కనిపిస్తాయి. అద్దె మనిషికి అరగంట లెక్కన. పనిరోజుల్లో పగటిపూట వెళ్తే కొన్ని వందల యెన్‌లతో పోతుంది, శుక్రవారం రాత్రి అయితే జేబు బరువు తగ్గుతుంది. చాలాచోట్ల మనిషికి ఒక డ్రింకైనా ఆర్డర్ చెయ్యాలి. టీ అయినా పర్లేదు. ఒంటరిగా వెళ్లినా ఎవరూ వింతగా చూడరు. ఒక్కరే వచ్చి పాడుకునేవాళ్లు ఇక్కడ ఎంతమందో. నేర్చుకునేవాడికి అంతకంటే ఏం కావాలి? ఎంత తప్పు పాడినా వినేది గోడలే.

కౌంటర్లో ఏ మెషిన్ కావాలని అడగొచ్చు. డామ్, జాయ్‌సౌండ్ అని రెండు పెద్ద రకాలు. మన పనికి ఏదైనా ఒకటే, కంగారుపడకండి.

[తెర మీద: కోబె నగరం పాత ఫోటోలు. మైకు తగిలించిన పాత టేప్ పెట్టె.]

ఈ పెట్టె పుట్టడానికి కారణం కూడా ఒక ప్రయాణమే. కోబెలో దైసుకె ఇనోఉఎ అనే ఆయన బార్లలో కస్టమర్లు పాడుతుంటే పక్కన వాయించేవాడు. ఒక కంపెనీ యజమాని, తను వేడినీటి బుగ్గల ఊరికి వెళ్తున్నానని, అక్కడ తన పాటకి వాయించడానికి రమ్మని అడిగాడట. ఈయనకి వెళ్లడం కుదరలేదు. ఆ పెద్దమనిషి గొంతుకి సరిపోయేలా వాయించి, టేపులో రికార్డు చేసి ఇచ్చి పంపాడు. దాన్నుంచి వచ్చిన ఆలోచనే 1971లో 100 యెన్‌ల నాణెం వేస్తే పాట వెనక సంగీతం వినిపించే మెషిన్ అయింది. ఆయన పేటెంట్ తీసుకోలేదు. 2004లో ఇగ్నోబెల్ (నోబెల్‌కి సరదా అనుకరణ) శాంతి బహుమతి మాత్రం ఇచ్చారు, ఒకరి పాటని ఇంకొకరు ఓర్చుకోవడం నేర్పినందుకు! 1967లోనే టోక్యోలో షిగెఇచి నెగిషి ఇలాంటి పెట్టె ఒకటి చేశాడు కాబట్టి ఎవరు ముందు అన్న వాదన ఉంది. దాన్ని వాళ్లకే వదిలేద్దాం. మనకి పనికొచ్చే ముక్క వేరే ఉంది: పాడేవాడి గొంతుకి తగ్గట్టు శ్రుతి మార్చి ఇవ్వడం అన్నది ఆ మొదటి టేపులోనే ఉంది. ఇవాళ అది ఒక బటన్. దాని దగ్గరికి తర్వాత వస్తాను.

[తెర మీద: గది లోపల. టేబుల్ మీద కాగితం, పెన్సిల్. మైకులు ఇంకా బుట్టలోనే ఉన్నాయి.]

ఇప్పుడు పాఠం. జపాన్‌లో కరావోకే నేర్పే క్లాసులు చాలా ఊళ్లలో ఉంటాయి. వాటికి వెళ్లేవాళ్లలో పెద్దవయసువాళ్లు ఎక్కువ. వచ్చిపోయేవాళ్లకి గంటా రెండు గంటల పాఠం చెప్పే టీచర్లూ దొరుకుతారు. నాకు చెప్పిన సెన్సే, అంటే టీచర్, మొదట చేసిన పని ఏంటంటే, మైకుకి చెయ్యి చాచగానే నవ్వుతూ దాన్ని పక్కకి జరపడం. పాట పెట్టలేదు. సాహిత్యం ఉన్న కాగితం ముందు పెట్టి, రాగం లేకుండా చదవమన్నారు. చదువుతుంటే వేలితో టేబుల్ మీద టక్, టక్ అని ఒక్కో అక్షరానికి ఒక్కో దెబ్బ. నేను ఎక్కడ గబుక్కున దాటేస్తే అక్కడ వేలు ఆగిపోయేది. ఊపిరి ఎక్కడ తీసుకోవాలో అక్కడ అక్షరం పైన పెన్సిల్‌తో చిన్న టిక్కులాంటి గుర్తు పెట్టారు. మైకు చేతికొచ్చేసరికి పాట నోటికి పట్టేసింది. టీచర్ దొరకకపోయినా వరస ఇదే పెట్టుకోండి: చదవడం, తట్టడం, ఆ తర్వాతే పాడడం.

[తెర మీద: తెలుగు లిపిలో పెద్దగా — ఉ ఎ ఒ | ము ఇ తె | అ రు కో]

మనం తీసుకున్న పాట ఇది. 1961లో క్యూ సకామోతో పాడారు. రొకుసుకె ఎయి రాశారు, హచిదయి నకామురా బాణీ కట్టారు. 1963లో అమెరికాలో సుకియాకి అన్న పేరుతో విడుదలై, జపనీస్ భాషలోనే మూడు వారాలు బిల్‌బోర్డ్ పాటల జాబితాలో మొదటి స్థానంలో ఉంది. తెర మీద కనిపిస్తున్నది దాని అసలు పేరు, తల పైకెత్తి నడుద్దాం అని అర్థం. కళ్లలో నీళ్లు కిందికి జారకూడదు కదా, అందుకు. బాణీ చూస్తే హుషారుగా ఈల వేసుకుంటూ పోయేలా ఉంటుంది, నిజంగానే మధ్యలో ఈల కూడా ఉంది. మాట బరువు, నడక తేలిక. ఏడుపుగొంతుతో పాడితే పాట చచ్చిపోతుంది.

ఇప్పుడు మాత్రలు లెక్కపెట్టండి. ఉ, ఎ, ఒ, ము, ఇ, తె, అ, రు. ఎనిమిదీ లఘువులే, ఒక్కోటి ఒక్క మాత్ర. చివర కో గురువు, రెండు మాత్రలు. మొత్తం పది. జపనీస్‌వాళ్ల లెక్కలోనూ పదే! ఇది కాకతాళీయం కాదు. వాళ్ల భాష నడిచేది మాత్రల మీదే. దీర్ఘానికి రెండు, ద్విత్వానికి ముందు ఒకటి అదనం, పొల్లు న్‌కి సొంతంగా ఒకటి. నిప్పొన్ అంటే మన లెక్కలో రెండు గురువులు, నాలుగు మాత్రలు. వాళ్లూ నాలుగే తడతారు. పొట్టి ఎ, పొడుగు ఏ, పొట్టి ఒ, పొడుగు ఓ వేర్వేరుగా రాసే లిపి మన చేతిలో ఉంది. అది వదిలేసి ఇంగ్లీష్ అక్షరాల్లో సాహిత్యం దింపుకోవడం ఎందుకో నాకు అర్థం కాదు.

ఇంగ్లీష్ అక్షరాలు మనల్ని ఎలా తప్పుదారి పట్టిస్తాయో ఈ ఒక్క మాటలో చూడండి.

[తెర మీద: అరిగాటో — దాన్ని కొట్టేసి — అరిగతో]

మనందరికీ తెలిసిన థాంక్స్. మనం అరిగాటో అంటాం. ఆరు మాత్రలు. అసలుది అరిగతో, అయిదే. గ పొట్టి, త మన త. ఇంగ్లీష్ టీ అక్షరం కనపడగానే మన నాలుక టకారానికి మడతపడుతుంది. మాట్లాడేటప్పుడు అయితే ఎదుటివాళ్లు అర్థం చేసుకుని ఊరుకుంటారు. పాటలో ఆ ఒక్క మాత్ర పెరిగితే మీరు వెనక, మ్యూజిక్ ముందు. అందుకే సాహిత్యం మొత్తం తెలుగులో రాసుకోండి. వాళ్ల త, ద ఎప్పుడూ దంత్యాలే.

[తెర మీద: ఉ ఎ ఒ మళ్లీ. కింద ఉవెవొ, దాని మీద ఇంటూ గుర్తు.]

మనకి ఉన్న తంటా ఇంకోటి. మూడు అచ్చులు పక్కపక్కనే వస్తే తెలుగు నోరు ఊరుకోదు, మధ్యలో య గానీ వ గానీ దూరుస్తుంది. మా అమ్మ అన్నది మాయమ్మ అయిపోయే దేశం మనది. అదే అలవాటులో ఉ, ఎ, ఒ కాస్తా ఉవెవొ అవుతుంది. ము, ఇ కలిసి ముయి అవుతుంది. యడాగమం వద్దు, సంధి వద్దు. ఏ అచ్చుకా అచ్చు, గొంతు తెంపకుండా, విడివిడిగా. నాకు ఎక్కువసేపు పట్టింది ఇక్కడే. సకామోతో రికార్డు వింటే ఆయన ఆ అచ్చుల్ని ఎక్కిళ్లలా విరిచి, మధ్యలో హకారంలాంటిది తగిలిస్తూ పాడతారు. అది ఆయన సొగసు, మొదటిరోజే దాని జోలికి పోకండి.

కలిసొచ్చేవీ ఉన్నాయి. త్సు అనే శబ్దం చాలామందికి కష్టం. మనం చుక్క, చుట్టం అన్నప్పుడు పలికే చు అదే. చీమలో చ కాదు, చుక్కలో చ. ర కూడా మన ర లాగే తేలిగ్గా తగిలి వదిలేస్తే సరి. ల అసలు లేదు వాళ్లకి. ఫు మాత్రం పళ్లతో పెదవి కొరకకుండా, దీపం ఆర్పినట్టు ఊదాలి.

[తెర మీద: టచ్ ప్యానెల్ దగ్గరగా. వేలు ఒక్కో బటన్ చూపిస్తుంది.]

సరే, ఇప్పుడు మైకు. పాట వెతకడం ఈ టచ్ ప్యానెల్‌లో. డామ్ వాళ్లది దెన్‌మొకు అంటారు. భాష మార్చే చోటు ఉంటుంది, ఇంగ్లీష్ పెట్టుకోండి. పాట ఎంచుకున్నాక మూడు బటన్ల పని. ఒకటి టెంపో: మొదటిసారి తగ్గించండి. రెండోది గైడ్ మెలొడీ: బాణీని సన్నగా వెనక వాయిస్తూ పోతుంది, అది పెంచుకోండి. మూడోది కీ. ఒక్కో నొక్కుకి అర స్వరం పైకో కిందికో జరుగుతుంది. పై స్థాయిలో గొంతు చిట్లుతుంటే మొహమాటం లేకుండా రెండు మూడు మెట్లు దించేయండి. అరిచి అసలు శ్రుతిలో పాడడం కంటే దించి హాయిగా పాడడమే మేలు.

తెర మీద వాళ్ల లిపి చదవలేకపోయినా భయం లేదు. పెద్ద చైనా అక్షరాల మీద చిన్న అక్షరాలు వేసి ఉంటాయి. ఆ చిన్నవాటిని లెక్కపెట్టుకోవచ్చు, ఒక అక్షరం ఒక మాత్ర. ముందు అక్షరానికి అతుక్కుని వచ్చే బుల్లి య, యు, యొ లకి మాత్రం లెక్క లేదు. రంగు ఏ వేగంతో పాకుతుందో చూస్తూ మీ తెలుగు కాగితం మీద వేలు జరపండి.

[తెర మీద: స్కోరు స్క్రీన్. అడ్డగీతలు, వాటి మీద గొంతు గీస్తున్న గీత.]

సంగీతం నేర్చుకున్నవాళ్లూ, ఇది మీకు. ఈ పాట ఎత్తుగడలో స్వరాలు చూస్తే మోహనం మెట్లే, స రి గ ప ద. మధ్యమం, నిషాదం వదిలేసిన స్కేలు అక్కడి పాతపాటల్లో బాగా వినిపిస్తుంది. ఎంకా అనే దిగులు పాటల్లో ఎక్కువగా వినిపించే స్కేలు ఇంకా తమాషా: శివరంజనిలో ధైవతాన్ని అర మెట్టు దించితే అది వచ్చేస్తుంది. కాబట్టి చెవికి కొత్త ఉండదు. చిక్కల్లా మన గమకంతోనే. మోహనం అనిపించగానే గాంధారం ఊగడం మొదలవుతుంది. స్కోరింగ్ ఆన్ చేస్తే తెర మీద స్వరాలు గీతల్లా కనిపిస్తాయి, మీ గొంతు వాటి మీద ఇంకో గీత గీస్తుంది. ఆ ఊపు మొత్తం పాములా కనపడి మార్కులు జారిపోతాయి. మెషిన్ కంపనాన్నీ, కింద నుంచి జారి స్వరం అందుకోవడాన్నీ గుర్తించి మెచ్చుకుంటుంది గానీ, ముందు స్వరం మీద నిటారుగా నిలబడాలి. ఎంకాలో గిరుక్కున తిప్పే విరుపులు ఉంటాయి, కొబుషి అంటారు. అది మన బిర్కాకి దూరపు చుట్టం. ఆ సరదా రెండో పాటలో తీర్చుకోండి. స్కోరు మరీ మనసుకి తీసుకోవద్దు. అందంగా పాడినవాళ్లకి డెబ్బై, గీత మీద నడిచినవాళ్లకి తొంభై ఇచ్చే రకం అది.

[తెర మీద: స్నేహితులతో నిండిన గది. టాంబరిన్, మరకస్.]

అక్కడివాళ్లతో కలిసి వెళ్తే రెండే రెండు మర్యాదలు. ఒకరు పాడుతుంటే మధ్యలో ఆపే బటన్ నొక్కకూడదు, అయ్యాక చప్పట్లు కొట్టాలి. మీ తర్వాతి పాట ముందే క్యూలో పెట్టుకోవచ్చు, తప్పు కాదు. వరసగా మూడు పాటలు మాత్రం మీవే పెట్టకండి. పిల్లలతో వెళ్లేవాళ్లు టైమ్ చూసుకోండి, టోక్యోలో రాత్రి 11 దాటాక 18 ఏళ్లలోపు వాళ్లని ఉండనివ్వరు.

[తెర మీద: గోడ మీద ఫోన్.]

గడువు ఇంకో పది నిమిషాలు ఉందనగా గోడ మీద ఫోన్ మోగుతుంది. ఇంకా ఉండాలంటే ఎన్‌చో అనండి, పొడిగిస్తారు. వెళ్లిపోవాలనుకుంటే ఒక అరిగతో, అయిదు మాత్రలే, చెప్పి పెట్టేయండి. పది నిమిషాలంటే టెంపో మామూలుగా పెట్టి, గైడ్ మెలొడీ తీసేసి, పాట మొత్తం ఇంకో రెండుసార్లు పాడుకోవచ్చు.