బండి అమ్మేశారు సరే, ఆర్‌సీలో పేరు ఎవరిది?

నమస్తే. ఈ వీడియో సెకండ్ హ్యాండ్ బండి కొనేవాళ్లకీ, అమ్మేవాళ్లకీ. అమ్మేవాళ్లు మాత్రం చివరిదాకా చూడండి. పేరు మార్పు జరగకుండా ఆ బండితో ప్రమాదం జరిగితే, కోర్టు నోటీసు మొదట వచ్చేది మీ ఇంటికే.

(స్క్రీన్ మీద ఫారం 29)

ఇది ఫారం 29. బండి అమ్మినట్టు పాత ఓనరు ఆర్టీఏకి ఇచ్చే సమాచారం. ఇక్కడ మీ సంతకం ఉంటుంది. ఈ రెండు ఖాళీలు చూడండి. ఒకటి కొన్నవాళ్ల పేరు, రెండోది అమ్మిన తేదీ. "అన్నా, సంతకం పెట్టేయండి చాలు, మిగతాది పార్టీ దొరికాక నేను రాసుకుంటా" అని బ్రోకర్ అంటాడు. డబ్బు చేతికొచ్చింది కదా అని మనం పెట్టేస్తాం. దీన్నే మార్కెట్లో ఓపెన్ ట్రాన్స్‌ఫర్ అంటారు. ఆ ఖాళీలతోనే బండి ఇద్దరు ముగ్గురి చేతులు మారుతుంది. ఆర్‌సీలో మాత్రం మీ పేరే ఉంటుంది.

ఇప్పుడు ఆ బండి ఎవరినో గుద్దింది, మనిషి చనిపోయాడు అనుకోండి. బాధిత కుటుంబం మోటారు ప్రమాదాల ట్రిబ్యునల్‌లో కేసు వేస్తుంది. పరిహారం ఎవరు కట్టాలి? మోటారు వాహనాల చట్టం సెక్షన్ 2(30) ప్రకారం బండి ఎవరి పేరున రిజిస్టరై ఉంటే వాళ్లే ఓనరు. 2018 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ముందుకు సరిగ్గా ఇలాంటి కేసే వచ్చింది. ఒక కారు వరుసగా చేతులు మారింది, రిజిస్ట్రేషన్ మాత్రం మారలేదు. "నేను ఎప్పుడో అమ్మేశాను" అన్నది రిజిస్టర్డ్ ఓనరు వాదన. కోర్టు ఒప్పుకోలేదు. రిజిస్టర్ కాని అమ్మకాల గొలుసు పట్టుకుని ఒక్కొక్కరి వెంట తిరిగే భారం బాధితుల మీద వేయకూడదని చెప్పింది. నాకు ఈ తీర్పు న్యాయంగానే అనిపిస్తుంది. ఇంటి మనిషిని పోగొట్టుకున్నవాళ్లు మన బ్రోకర్ నంబర్ కోసం ఎందుకు వెతకాలి?

మరి ఇన్సూరెన్స్ లేదా అంటారు. ఉంటే మంచిదే, అయితే ఇక్కడ రెండు భాగాలు విడిగా చూడాలి.

మొదటిది థర్డ్ పార్టీ, అంటే మీ బండి వల్ల బయటివాళ్లకు జరిగిన నష్టం. సెక్షన్ 157 ప్రకారం బండి అమ్మిన రోజు నుంచే పాలసీ కొన్నవాళ్లకు బదిలీ అయినట్టు లెక్క. కొన్నవాళ్లు 14 రోజుల్లో కంపెనీకి దరఖాస్తు పెట్టి పేరు మార్పించుకోవాలి. వాళ్లు మర్చిపోయినా, బయటి మనిషికి పరిహారం ఇవ్వాల్సిన బాధ్యత నుంచి కంపెనీ తప్పించుకోలేదని 1999లో సుప్రీంకోర్టు తేల్చింది.

రెండోది ఓన్ డ్యామేజ్, అంటే మీ సొంత బండికి జరిగిన నష్టం. దీనికి ఆ ఆటోమేటిక్ బదిలీ వర్తించదు. కంప్లీట్ ఇన్సులేషన్స్ అనే కంపెనీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. ఆర్‌సీ మీ పేరు మీదకు వచ్చి, పాలసీ పాత ఓనరు పేరున ఉండిపోతే, బంపరు, ఇంజను బిల్లులు మీరే భరించాల్సి వస్తుంది. కాబట్టి కొన్నవాళ్లు ఆర్‌సీ రాగానే అక్కడితో ఆగకండి, పాలసీ కూడా మార్పించుకోండి.

అసలు టెన్షన్ పాలసీ గడువు అయిపోయినప్పుడు. 2018 సెప్టెంబరు నుంచి కొత్త టూవీలర్‌కి 5 ఏళ్లు, కారుకి 3 ఏళ్లు థర్డ్ పార్టీ ముందే కట్టించుకుంటున్నారు. చాలామంది ఆ గడువు దగ్గర పడ్డాకే బండి అమ్ముతారు. కొన్నవాడు రెన్యువల్ చేయడు, పేరూ మార్చడు. అప్పుడు ప్రమాదం జరిగితే డబ్బు ఇచ్చే కంపెనీ ఉండదు, ఆర్‌సీలో ఉన్న మీరు ఉంటారు. తర్వాత కొన్నవాడి దగ్గర రాబట్టుకోవడం వేరే పోరాటం.

అందుకే అమ్మేటప్పుడు ఫారం 29లో పేరు, తేదీ మీ చేత్తోనే నింపండి. నింపాకే సంతకం. బండి అదే రాష్ట్రంలో ఉంటే అమ్మినవాళ్లు 14 రోజుల్లో ఆర్టీఏకి తెలపాలి, కొన్నవాళ్లు 30 రోజుల్లో ఫారం 30తో దరఖాస్తు పెట్టాలి. లోన్ ఉంటే బ్యాంకు ఎన్‌ఓసీ, ఆర్‌సీలో లోన్ ఎంట్రీ తీసేయించే ఫారం 35 ముందే తెచ్చుకోండి. వీలైతే ఆర్టీఏ ఆఫీసులో స్లాట్ ఉన్న రోజు కొన్నవాళ్లతో పాటు మీరూ వెళ్లండి. బండి అప్పగించినట్టు రాసుకునే డెలివరీ నోట్‌లో తేదీతో పాటు టైమ్ కూడా రాయించి, కొన్నవాళ్ల సంతకం, ఆధార్ కాపీ తీసుకోండి. ఆ సాయంత్రమే ఏమైనా జరిగితే బండి అప్పటికే చేతులు మారిందని చూపించడానికి అది పనికొస్తుంది. కానీ పేరు మార్పుకి అది బదులు కాదు.

ఖాళీ ఫారం ఇప్పటికే ఇచ్చేసినవాళ్లు, ముందు ఆన్‌లైన్‌లో బండి నంబరు కొట్టి ఓనరు ఎవరో, ఇన్సూరెన్స్ ఎప్పటిదాకా ఉందో చూడండి. ఇంకా మీ పేరే ఉంటే, గడువు దాటినా సరే, ఆర్టీఏకి, ఇన్సూరెన్స్ కంపెనీకి రాతపూర్వకంగా తెలియజేసి రసీదు దాచుకోండి. కొన్నవాళ్లకు లాయర్ నోటీసు పంపండి. థర్డ్ పార్టీ అయిపోయి ఉంటే, పేరు మారేదాకా మీరే కట్టేయండి. 2022లో ఖరారు చేసిన రేటు ప్రకారం 75 నుంచి 150 సీసీ బైకుకి ఏడాదికి 714 రూపాయలు, పన్ను అదనం. వాడు వాడుకునే బండికి మీరు కట్టడం కష్టంగానే ఉంటుంది. అయినా ఈ రోజే కట్టండి.