హడిల్‌లోకి రాని ఆటగాడు: 1958లో ఆర్మీ జట్టు వేసిన ఎత్తు

[తెర మీద: పై నుంచి కనిపించే మైదానం బొమ్మ. పది నల్ల చుక్కలు ఒకచోట గుమిగూడి ఉన్నాయి. పదకొండోది దూరంగా, సైడ్‌లైన్ వైపు.]

వాయిస్: ఇది అమెరికన్ ఫుట్‌బాల్. జట్టుకు 11 మంది. 4 ప్రయత్నాల్లో బంతిని 10 గజాలు ముందుకు తీసుకెళ్లాలి, లేదంటే బంతి అవతలివాళ్లది. ప్రతి ప్రయత్నానికీ ముందు అందరూ గుండ్రంగా చేరి, ఏం ఆడాలో క్వార్టర్‌బ్యాక్ (దాడిని నడిపించే, పాస్‌లు విసిరే ఆటగాడు) నోట వింటారు. అదే హడిల్. 1958 సీజన్‌లో వెస్ట్ పాయింట్ సైనిక అకాడమీ జట్టులో, అంటే ఆర్మీ జట్టులో, ఒక్క బిల్ కార్పెంటర్ మాత్రం అందులోకి వచ్చేవాడు కాదు. పత్రికలు అతనికి ‘లోన్లీ ఎండ్’ (చివర నిలబడే ఒంటరివాడు) అని పేరు పెట్టాయి.

[తెర మీద: చివరి చుక్క హడిల్‌కి పరుగెత్తి, మళ్లీ తన చోటికి వెళ్తోంది. పదే పదే.]

వాయిస్: కోచ్ రెడ్ బ్లైక్ లెక్క చాలా మామూలుది. లైన్ (బంతి ఉన్నచోట దాడి జట్టు నిలబడే ముందువరుస) చివరి ఆటగాణ్ని అంత దూరం నిలబెడితే, ప్రతిసారీ హడిల్‌కి వచ్చిపోవడంతోనే అతని పని అయిపోతుంది. పైగా 1953లో వచ్చిన నిబంధన వల్ల అప్పట్లో ఆటగాళ్లను ఇష్టమొచ్చినట్టు మార్చడానికి వీలుండేది కాదు. దాడి చేసినవాడే డిఫెన్స్‌కీ దిగాల్సి వచ్చేది. అందుకే ‘నువ్వు రావద్దు, అక్కడే ఉండు’ అన్నాడు.

మరి ఏం ఆడబోతున్నారో అతనికి తెలిసేదెలా? క్వార్టర్‌బ్యాక్ జో కాల్డ్‌వెల్ హడిల్‌లో పాదాలు పెట్టే తీరును బట్టి. వచ్చేది పరుగా, పాసా అన్నది కార్పెంటర్‌కి అక్కడి నుంచే అర్థమయ్యేది.

[తెర మీద: 11 ఎర్ర చుక్కలు. రెండు విడిపోయి కార్పెంటర్ వైపు వెళ్తాయి. మధ్యలో అంకెలు: 10, 9.]

వాయిస్: అసలు చిక్కు ఎదుటి జట్టుకి. కార్పెంటర్‌కి ఒక్కణ్ని కాపలా పెడితే ఆ ఒక్కడు మైదానం అంచున అతనితో ఒంటరిగా తలపడాలి. ఒక్క అడుగు వెనకబడ్డా పొడవాటి పాస్ పడుతుంది. ఇద్దర్ని పంపితే మధ్యలో మిగిలేది 9 మంది, ఎదురుగా 10 మంది. ఆ పదిలో పీట్ డాకిన్స్, బాబ్ ఆండర్సన్ లాంటి హాఫ్‌బ్యాక్‌లు (బంతితో పరుగెత్తేవాళ్లు) ఉన్నారు. కార్పెంటర్ ఎన్ని పాస్‌లు పట్టాడని లెక్కేస్తే ఈ ఎత్తు విలువ తెలియదు. బంతి తాకకుండానే అతను ఇద్దర్ని ఆటలోంచి తప్పించగలడు!

ఇందులో తేలిగ్గా జరిగే పొరపాటు ఒకటుంది. బంతి కదిలే వేళకు దాడి జట్టులో కనీసం 7 మంది లైన్ మీద ఉండాలి. ఆ ఏడుగురిలో చివరివాడు కార్పెంటరే. జట్టుకు అంత దూరంగా ఉండి లైన్ సరిగ్గా అంచనా వేయలేక ఒక అడుగు వెనక నిలబడితే, లైన్ మీద ఆరుగురే మిగులుతారు. 5 గజాల పెనాల్టీ.

[తెర మీద: స్కోర్లు ఒకదాని కింద ఒకటి.]

వాయిస్: ఎదుటివన్నీ కాలేజీ జట్లే. మొదటి ఆటలోనే సౌత్ కరోలినా మీద 45-8. తర్వాత పెన్ స్టేట్ మీద 26-0, నోటర్‌డేమ్ మీద 14-2, వర్జీనియా మీద 35-6. పిట్స్‌బర్గ్ ఒక్కటే నిలువరించింది, 14-14. కోల్గేట్ మీద 68-6 గురించి పెద్దగా చెప్పుకోవడానికేం లేదు, అది పోటీయే కాదు. అసలు పరీక్ష రైస్‌తో ఆట. ఆట చివరిదాకా సమానంగా నడిచి, కాల్డ్‌వెల్ విసిరిన పాస్‌ను డాకిన్స్ టచ్‌డౌన్‌గా (బంతిని ఎదుటి జట్టు చివరి గీత దాటించడం) మలచడంతో 14-7తో గట్టెక్కారు. తర్వాత విలనోవా మీద 26-0, చివరగా చిరకాల ప్రత్యర్థి నేవీ మీద 22-6.

మొత్తం 8 గెలుపులు, 1 డ్రా, ఓటమి లేదు. అసోసియేటెడ్ ప్రెస్ వార్తా సంస్థ ఇచ్చే ఏపీ ర్యాంకింగ్‌లో లూసియానా స్టేట్ (ఎల్‌ఎస్‌యూ), అయోవా తర్వాత మూడో స్థానం. సీజన్ ముగిశాక మంచి జట్లను పిలిచి ఆడించే బౌల్ ఆట మాత్రం ఆడలేదు. ఆ రోజుల్లో అకాడమీ తన జట్టును బౌల్‌లకు పంపేది కాదు. ఆ ఏడాది కాలేజీ ఫుట్‌బాల్‌లో ఉత్తమ ఆటగాడికిచ్చే హైస్‌మన్ ట్రోఫీ డాకిన్స్‌కి దక్కింది. 1945లో బ్లాంచర్డ్, 1946లో డేవిస్ తర్వాత వెస్ట్ పాయింట్‌కి అది మూడోది. 1941 నుంచి జట్టును నడిపిన బ్లైక్‌కి ఇదే ఆఖరి సీజన్.