స్వీట్ పొటాటో పై: దుంప ఉడికించాలా, కాల్చాలా, డబ్బా తెచ్చుకోవాలా? | రివ్యూ

హాయ్ అండీ, నమస్తే. తీర్పు ముందే చెప్పేస్తా, చివరిదాకా కూర్చోబెట్టే ఉద్దేశం లేదు. అమెరికా సౌత్ (దక్షిణాది రాష్ట్రాల) వాళ్ళ స్వీట్ పొటాటో పై, అంటే మైదాతో చేసిన గిన్నెలాంటి క్రస్ట్‌లో చిలగడదుంప మిశ్రమం పోసి ఓవెన్‌లో కాల్చే తీపి వంటకం, ఇంట్లో చేసుకోవచ్చా అంటే నిక్షేపంగా చేసుకోవచ్చు, బయట కొన్నదాని కంటే బాగుంటుంది కూడా. కాకపోతే ఒక్క షరతు, చిలగడదుంపని తొక్కతో సహా ఓవెన్‌లో కాల్చాలి. అది వదిలేసి మీరు ఎంత మంచి వెన్న వేసినా, ఎంత జాజికాయ గీరినా ఆ రుచి రాదు.

నేనుండేది నార్త్ కరోలైనాలో, అమెరికాలో చిలగడదుంపలు అన్నిటికంటే ఎక్కువ పండే రాష్ట్రం ఇదే. నవంబర్ వస్తే చాలు, థ్యాంక్స్‌గివింగ్ పండగ కోసం షాపుల్లో గుట్టలు పోసేస్తారు. నార్త్ వాళ్ళకి గుమ్మడికాయ పై ఎలాగో సౌత్ వాళ్ళకి ఇది అలాగ, ముఖ్యంగా నల్లజాతి కుటుంబాల్లో ఇది లేకపోతే పండగ భోజనం అయినట్టే కాదు. బానిసలుగా పట్టుకొచ్చిన ఆఫ్రికా వాళ్ళకి తమ ఊళ్ళో తినే పెండలం ఇక్కడ దొరకలేదు, చేతికి అందింది ఈ దుంప, దాంతోనే వండుకున్నారు, యజమానుల వంటిళ్ళలోనూ వండిపెట్టారు. సౌత్ కరోలైనాలో బానిసగా పుట్టి తర్వాత శాన్‌ఫ్రాన్సిస్కో చేరిన ఆబీ ఫిషర్ అనే ఆవిడ వంటల పుస్తకం 1881లో వచ్చింది, ఆవిడకి చదవడం రాయడం రాదు, ఆవిడ చెబుతుంటే వేరేవాళ్ళు రాసుకున్నారు. అందులో ఈ స్వీట్ పొటాటో పై ఉంది, పైగా ఆవిడ నారింజ రసం, తొక్క తురుము కూడా వేయమంటుంది. అదీ వేసి చూశా, చెప్తా.

ఇక దుంప సంగతి. నేను మూడు రకాలుగా చేశాను, దుంప తప్ప మిగతా కొలతలన్నీ ఒకటే. డబ్బాలో పాకంతో వచ్చేవి ముందు పక్కన పెట్టేద్దాం, పదికి నాలుగు. తీపి తప్ప ఇంకేమీ తెలీదు, దుంప రుచి అనేదే పోయింది. నీళ్ళలో ఉడికించింది ఆరు. బాగానే ఉంది, ఎవరికైనా పెడితే తింటారు, కానీ దుంప నీళ్ళు పీల్చుకోవడంతో లోపలి మిశ్రమం పలచబడి అడుగున క్రస్ట్ మెత్తగా, తడితడిగా తయారైంది. కాల్చింది తొమ్మిది. ఇంత తేడా ఎందుకంటే దుంపలో ఒక ఎంజైమ్ ఉంటుంది, అది పిండిపదార్థాన్ని మాల్టోజ్ అనే చక్కెరగా మారుస్తుంది, సుమారు 60 నుంచి 75 డిగ్రీల సెల్సియస్ వేడిలో బాగా పనిచేస్తుంది. ఓవెన్‌లో దుంప నెమ్మదిగా వేడెక్కుతుంది కాబట్టి దానికి కావలసినంత టైం దొరుకుతుంది, మైక్రోవేవ్‌లో పెడితే ఆ టైమే ఉండదు. నీరు కూడా ఇగిరిపోతుంది, తొక్క దగ్గర కొంచెం మాడి పాకంలా కారుతుంది చూడండి, అసలు రుచి అక్కడుంది, పారేయకండి.

కొలతలు రాసుకోండి. 9 అంగుళాల పై ఒకటి చేయడానికి అర కిలో దుంపలు. ఇక్కడైతే కోవింగ్టన్ రకం గానీ బోరెగార్డ్ రకం గానీ తీసుకోండి, రెండూ నారింజ రంగువే. ఫోర్క్‌తో గుచ్చి 400 ఫారెన్‌హీట్‌లో, అంటే దాదాపు 200 సెల్సియస్‌లో గంటసేపు, చేత్తో నొక్కితే లోపలికి దిగిపోయేదాకా. వేడి మీదే తొక్క తీసి 113 గ్రాముల వెన్న, అదే ఇక్కడ ఒక స్టిక్ అంటాం, వేసి హ్యాండ్ మిక్సర్‌తో తిప్పండి. చేత్తో మెదపకండి. మిక్సర్ బ్లేడ్లకి దుంపలో పీచంతా చుట్టుకుని వచ్చేస్తుంది, దాన్ని కడిగేసి మళ్ళీ తిప్పుకోవచ్చు, సౌత్‌లో పాత వంటవాళ్ళ కిటుకు ఇది, నాకు భలే నచ్చింది. తర్వాత ముప్పావు కప్పు చక్కెర, అర కప్పు ఎవాపరేటెడ్ మిల్క్ (చక్కెర లేకుండా చిక్కబరిచిన పాలు), రెండు గుడ్లు, అర టీస్పూన్ జాజికాయ, అర టీస్పూన్ దాల్చినచెక్క పొడి, ఒక టీస్పూన్ వెనిలా, చిటికెడు ఉప్పు. చాలామంది కప్పు చక్కెర వేస్తారు, కాల్చిన దుంపకి అంత అక్కర్లేదని నా అభిప్రాయం.

క్రస్ట్ విషయంలో మాత్రం నేను పట్టుబట్టను. షాపులో ఫ్రోజెన్‌ది తెచ్చుకున్నా పర్లేదు, నేను తెచ్చిన దానికి అంచు విరిగింది, అయినా రుచికి ఢోకా లేదు. ఓపికుంటే పావు తక్కువ కప్పున్నర మైదాలో ఒక స్టిక్ చల్లటి వెన్న నలిపి, ఐస్ నీళ్ళు మూడు నాలుగు స్పూన్లు చల్లి కలిపి, ఫ్రిజ్‌లో పెట్టి, తర్వాత ఒత్తుకోండి. ఏదైనా సరే మిశ్రమం పోసే ముందు బేకింగ్ పేపర్ వేసి, ఎండు రాజ్మా గింజలు పోసి ఓ పావుగంట ఉత్తిదే కాల్చుకోవాలి.

ఇప్పుడు పేపర్, గింజలు తీసేసి, మిశ్రమం పోసి 350 ఫారెన్‌హీట్‌లో, అంటే దాదాపు 175 సెల్సియస్‌లో, 50 నుంచి 60 నిమిషాలు. టెన్షన్ పడాల్సింది ఇక్కడే. చుట్టూ గట్టిపడి, కదిపితే మధ్యలో మాత్రం జున్నులా వణకాలి, అప్పుడే తీసేయాలి, థర్మామీటర్ ఉంటే మధ్యలో 175 ఫారెన్‌హీట్, అంటే దాదాపు 80 సెల్సియస్, చాలు. ఇంకో పది నిమిషాలు ఉంచుదాంలే అనుకుంటే పైన పగుళ్ళొస్తాయి. బయటికి తీసేటప్పుడు పొంగి ఉంటుంది, చల్లారాక దిగుతుంది, కంగారు పడొద్దు. రెండు గంటలైనా ఆగి కోయండి.

ఆబీ ఫిషర్ గారి నారింజ సంగతి. చాలా బాగుంది, నిజంగా. ఆ పులుపు వెన్న జిడ్డుని విరిచేస్తుంది. కానీ అది వేస్తే దాల్చినచెక్క మానేయండి, రెండూ కలిస్తే దేని రుచీ తేలదు.

మన దగ్గర చేసుకునేవాళ్ళకి: శివరాత్రికి తెచ్చే దుంపలు ఎక్కువగా లోపల తెల్లగా, పిండిపిండిగా ఉంటాయి కదా, వాటితోనూ వస్తుంది, రంగు మాత్రం రాదు, పాలు రెండు మూడు స్పూన్లు ఎక్కువ పడతాయి. ఎవాపరేటెడ్ మిల్క్ దొరక్కపోతే 300 మిల్లీలీటర్ల చిక్కటి పాలు అర కప్పయ్యేదాకా మరిగించండి, సరిపోతుంది. దాని బదులు కండెన్స్‌డ్ మిల్క్ పోయకండి, అందులో చక్కెర ఉంటుంది. ఓటీజీలో, అదే చిన్న కరెంటు ఓవెన్‌లో, చేస్తే పైభాగం త్వరగా రంగెక్కుతుంది, సగం టైం అయ్యాక ఫాయిల్ కప్పండి.

గుడ్డు లేకుండా అంటారా, కార్న్‌ఫ్లోర్‌తో గట్టిపడుతుంది, కానీ ఆ మృదుత్వం రాదు, నేనైతే చేయను. మిగిలితే ఫ్రిజ్‌లో పెట్టాల్సిందే, గుడ్లూ పాలూ ఉన్నాయి కదా, మూడు నాలుగు రోజులుంటుంది. తినే ముందు అరగంట బయట పెట్టండి, మరీ చల్లగా ఉంటే వెన్న గట్టిపడి జాజికాయ వాసన తెలీదు. యాలకులు వేయొచ్చా అని ఎలాగూ అడుగుతారు, వేయండి, కానీ అప్పుడు జాజికాయ సగానికి తగ్గించండి. ఉంటానండీ.