బడ్జెట్‌లో ఆమె కూలి కూడా రాయండి

అందరికీ నమస్కారం. సామాజిక న్యాయం మీద డాక్యుమెంటరీలు తీసే నిర్మాత పని ఎలా ఉంటుందో చెప్పమన్నారు. కెమెరాల గురించి విందామని వచ్చినవాళ్లుంటే సారీ, నేను మాట్లాడేది లెక్కల పుస్తకం గురించి.

1997లో ముంబయి రమాబాయి నగర్‌లో దళితుల మీద పోలీసులు కాల్పులు జరిపారు. 10 మంది చనిపోయారు. అక్కడ మొదలైన డైరెక్టర్ ఆనంద్ పట్వర్ధన్ డాక్యుమెంటరీ 'జై భీమ్ కామ్రేడ్' బయటికొచ్చింది 2011లో. 14 ఏళ్లు! ఏడాది తిరిగేసరికి రిపోర్టు అడిగేవాళ్ల డబ్బుతో అలాంటి సినిమా అవుతుందా?

మన దగ్గరికే వద్దాం. 2015 ఏప్రిల్ 7న శేషాచలం అడవుల్లో పోలీసు కాల్పుల్లో 20 మంది ఎర్రచందనం కూలీలు చనిపోయారు. అందరూ తమిళనాడు వాళ్లు. దాని మీద సినిమా అంటే తిరుపతిలో కూర్చుని తీసేది కాదు. వాళ్ల ఊళ్లకు పోవాలి, తమిళం బాగా వచ్చిన మనిషి తోడుండాలి. ఈ ఖర్చులు ఎవరైనా రాస్తారు. మరి భర్త పోయినావిడ మన కోసం ఒకరోజు పని మానుకుంటే, ఆ కూలి? డబ్బిస్తే చెప్పించినట్టు అవుతుందంటారు కొందరు. నిజమే, మాటకు డబ్బివ్వకూడదు. కానీ డ్రైవర్‌కు బత్తా ఇచ్చి ఆమెను ఉత్తచేతులతో పంపడం నాకు న్యాయంగా తోచదు. పోయిన కూలి ఎంతో అంతే ఇవ్వండి. ఆమె ఏం చెప్పినా, అసలు నోరు విప్పకపోయినా ఇస్తామని ముందే చెప్పండి.

ఇక సినిమాలో తనను చూపించడానికి ఒప్పుకుంటూ ఆమె పెట్టే సంతకం. షూటింగ్ రోజున కాగితం మీద పెట్టించుకుని ఫైల్లో పడేస్తాం. తన మాట పక్కన ఎవరి మాట వస్తుందో ఆ రోజు ఆమెకేం తెలుసు? రఫ్ కట్, అంటే ఎడిటింగ్ ఇంకా పూర్తికాని సినిమా, చూపించి మళ్లీ అడగాలి. వద్దంటే ఎంత మంచి సీనైనా తీసేయాలి. డైరెక్టర్ అలుగుతాడు, అలగనీయండి. సినిమా అయ్యాక మనం ఇంటికొచ్చేస్తాం, ఆమె ఆ ఊళ్లోనే ఉండాలి కదా!

థియేటర్లో వేయాలంటే 1952 సినిమాటోగ్రాఫ్ చట్టం కింద డాక్యుమెంటరీకీ సర్టిఫికెట్ కావాలి. ఆ తలనొప్పి ప్రశ్నల టైములో అడగండి. జీతం సంగతా? మాలో చాలామందికి ఇల్లు గడిచేది ప్రచార వీడియోలతోనో, క్లాసులు చెప్పుకునో. ఇంట్లో ముందే చెప్పేయండి.

వేసవి దాటితే తోతాపురి మామిడి కోతలు. చిత్తూరు వైపు పల్ప్ ఫ్యాక్టరీలకు పనికి పోయేవాళ్లు మీ ఇళ్లలోనే ఉండొచ్చు. వాళ్ల మీద తీద్దామనుకునేవాళ్లు స్క్రిప్టు కంటే ముందు బడ్జెట్ రాసుకుని తీసుకురండి, కూర్చుని చూద్దాం.