వచ్చే ఏడు ఏం తేవాలె?

(అచ్చంపేటలో వనమహోత్సవం సభలో చేసిన ప్రసంగ పాఠం)

వేదిక మీది పెద్దలకు, ఎదురుగా కూర్చున్న పిల్లలకు నమస్కారం. పేరుపేరునా చెప్పాల్సిన మర్యాద ఉంది గానీ, బయట మొక్కలు ఎండలో వాడిపోతున్నయి. నేరుగా విషయంలోకి వస్తాను.

'అడవుల నరికివేత - ఆర్థిక కారణాలు' అని అంశం ఇచ్చారు. రాత్రి కూర్చుని కాగితం రాసుకున్నాను. బ్రెజిల్ ఒక భాగం, ఇండోనేషియా ఒక భాగం, మన దేశం ఒక భాగం. పొద్దున వస్తుంటే హాజీపూర్ చౌరస్తాలో బస్సు ఆగింది. రోడ్డు పక్కన ఒక చెంచు ఆడమనిషి తేనె సీసాలు ముందు పెట్టుకుని కూర్చుంది. కారు దిగిన ఒకాయన సీసాకు యాభై రూపాయలు తగ్గించమని గట్టిగా బేరమాడుతున్నాడు. అది చూసినంక నా కాగితం వరుస తప్పింది. ముందు నా కళ్లతో చూసింది చెప్తాను.

1978లో నాకు 19 ఏళ్లు. టీచరు ఉద్యోగం రాకముందు ఈ చుట్టుపక్కలే ఒక షావుకారు దగ్గర గుమాస్తాగా చేసిన. పేరు చెప్పను. మా పని తపసి బంక కొనడం. తపసి బంక చూసినవాళ్లు ఎంతమంది ఉన్నారిక్కడ? చెయ్యెత్తండి. ముగ్గురు. నల్లమల అంచున చదువుకుంటున్న పిల్లల్లో ముగ్గురే.

ఎండాకాలంలో తపసి చెట్టు బెరడు మీద గాటు పెడితే జిగురు ఊరి, పటిక ముక్కల లెక్క గడ్డ కడుతుంది. తెల్లనిది మొదటి రకం. పచ్చగా ఉండి బెరడు పేళ్లు అంటుకున్నది కింది రకం. ఈ బంక ఓడలెక్కి పోయి అమెరికాలో కట్టుడు పళ్లను చిగుళ్లకు అతికించే పొడిలో కలుస్తుంది. చెంచులు కావడి దించి మూట విప్పితే తెల్లగా మెరిసే బంక. షావుకారు కన్నుసైగ చేసేవాడు. చిట్టాలో 'మూడో రకం' అని పడేది. రాసింది ఈ చెయ్యే.

బాకీల చిట్టా పట్టుకుని ఒకసారి నన్ను ఒక పెంటకు, అంటే అడవి లోపలి చెంచుల గూడేనికి, పంపాడు. అక్కడ ఒక పెద్దాయన చెట్టుకు గాటు పెడుతున్నాడు. జానెడు పొడుగు. లోపలి కట్టె తగలకముందే కత్తి ఆపేసిండు. పక్కనే పాత గాటు ఉంది, అంచుల నుంచి కొత్త బెరడు దాన్ని కమ్ముకొస్తున్నది. "ఇంకొంచెం లోతుకు దింపితే ఎక్కువ రాదా తాతా?" అన్నాను.

"ఎందుకు రాదు బిడ్డా, వస్తది. చెట్టు పోతది. వచ్చే ఏడు ఏం తేవాలె నీకు?"

మరుసటి ఎండాకాలం షావుకారు బయటినుంచి కూలీలను దింపాడు. గొడ్డళ్లతో చెట్టు చుట్టూ గాట్లు. ఆ ఏడు బంక రెండింతలు దిగింది. నాకు కూడా పది రూపాయలు ఎక్కువిచ్చాడు, తీసుకున్నాను. ఆ తర్వాత రెండేళ్లకు పోయి చూస్తే ఆ వాలు మీద అన్నీ మోడులే. షావుకారు చింతపండు వ్యాపారంలోకి మారిండు. పెద్దాయన మారడానికి ఇంకో అడవి లేదు.

ఎకనామిక్స్ పిల్లలు డిస్కౌంట్ రేటు చదువుతారు కదా, రేపటి రూపాయి ఇయ్యాల ఎంత విలువ అని. ఆ వాలు మీద రేపటికి విలువ కట్టింది షావుకారు, రేపు అక్కడ బతకాల్సింది పెద్దాయన. నేను రాసుకొచ్చిన మూడు భాగాల్లోనూ ఇదే ఉంది.

బ్రెజిల్ చూడండి. 2004లో ఒక్క ఏడాదిలో అమెజాన్‌లో 27 వేల చదరపు కిలోమీటర్లకు పైగా అడవి పోయింది. 2012 నాటికి అది నాలుగున్నర వేలకు దిగింది. ఉపగ్రహాలతో నిఘా పెట్టారు, చట్టం తప్పి కొట్టినవాళ్లకు 2008 నుంచి బ్యాంకు అప్పులు బిగించారు, ఆదివాసీ భూములకు హద్దులు గుర్తించారు. తర్వాత పట్టు సడలింది, 2021లో మళ్లీ 13 వేలు దాటింది. వాన అదే, నేల అదే, మారింది పాలన.

ఇండోనేషియాలో పామాయిల్ తోటల కోసం అడవి పోయింది. ఒకటి గుర్తుపెట్టుకోండి. ప్రపంచంలో పామాయిల్ అందరికంటే ఎక్కువ దిగుమతి చేసుకునేది మనమే. మన బజారులో మిర్చి బజ్జీ ఏ నూనెలో వేగుతుందో అడిగి చూడండి. 2015లో అక్కడ, తోటల కోసం పెట్టిన మంటలతో సహా, 26 లక్షల హెక్టార్లు తగలబడ్డాయి. ఆ పొగకు మనకూ సంబంధం ఉంది.

ఇప్పుడు మన లెక్కలు. ఒక హెక్టారుకు తగ్గకుండా ఉండి, పైన చెట్ల కొమ్మల కప్పు పది శాతం ఉంటే భారత అటవీ సర్వే సంస్థ దాన్ని అడవి కిందే రాస్తుంది. మామిడి తోట అయినా అంతే, నీలగిరి తోట అయినా అంతే. నల్లమలలో వంద ఎకరాలు పోయి ఇంకోచోట వంద ఎకరాల నీలగిరి వస్తే కాగితం మీద ఏమీ పోలేదు. అడవి భూమి తీసుకున్నవాళ్లు కట్టాల్సిన విలువను 2008లో సుప్రీంకోర్టు హెక్టారుకు 4.38 లక్షల నుంచి 10.43 లక్షల రూపాయల దాకా ఖరారు చేసింది. అట్లాంటి డబ్బు కుప్పపడితే 2019లో కేంద్రం 47 వేల కోట్లకు పైగా రాష్ట్రాలకు పంపింది. ఆ నిధికి 2016లో చట్టం చేసినప్పుడు గ్రామసభ ఒప్పుకోలు తప్పనిసరి చెయ్యమని అడిగారు. చట్టంలో ఆ మాట చేరలేదు. మొక్క ఎక్కడ నాటాలో పెంట మనిషి ఒప్పుకోవాల్సిన పని లేకుండా పోయింది. మూడో రకం అని రాసిన నా చిట్టా గుర్తొస్తుంది నాకు.

నల్లమలలో యురేనియం సర్వే అన్నప్పుడు మీ అన్నలు, అక్కలు రోడ్డెక్కారు. 2019 సెప్టెంబరులో శాసనసభ దాన్ని వద్దని తీర్మానం చేసింది. అంత గట్టిగా నిలబడ్డ మనం 2006 అటవీ హక్కుల చట్టం దగ్గర సగమే మాట్లాడినం. పోడు పట్టాల గురించి అందరం మాట్లాడినం. ఊరు ఊరంతా తన అడవిని కాపాడుకునే, నడుపుకునే హక్కు కూడా అదే చట్టంలో ఉంది. మహారాష్ట్ర గడ్చిరోలిలో మెండా లేఖ అనే గోండు ఊరికి 2011లో వెదురు రవాణా పర్మిట్ పుస్తకం చేతికొచ్చింది. తమ వెదురు తామే అమ్ముకున్నారు. మన పెంటలను పులుల అడవి బయటికి పంపుతామని, కుటుంబానికి 15 లక్షలని చెబుతున్నారు. హక్కులు తేల్చకుండా, వాళ్లు మనస్ఫూర్తిగా ఒప్పుకోకుండా పంపకూడదని వన్యప్రాణి చట్టమే చెబుతోంది. ముందు హక్కు రాయండి. తర్వాత అడగండి.

అమ్మా, వెనక వరుసలో పిల్లలూ, లేవకండి, రెండు నిమిషాలు. ఊరంతా తన అడవిని నడుపుకునే ఆ ఉమ్మడి హక్కు కోసం పెట్టుకునే దరఖాస్తు ఫారం-సి. యాభై ప్రతులు తెచ్చి ఆ బల్ల మీద పెట్టాను. అందులో ఊరి హద్దులు రాయాలి, వాగులు, గుట్టలు పేర్లతో సహా. అవి పెంటల్లోని ముసలివాళ్లకు తెలుసు, రాయడం మీకు తెలుసు. వచ్చే ఆదివారం పొద్దున ఏడు గంటలకు బస్టాండులో ఉంటాను. పెన్ను, తాగే నీళ్లు తెచ్చుకోండి. పదండి, ఇప్పుడు మొక్కలు నాటుదాం.