సెంటర్ ఫీల్డ్‌లో విలియం హాయ్

శ్రోతలకు నమస్కారం. అమెరికా బేస్‌బాల్‌లో తొలినాళ్ళ వృత్తి ఆటగాళ్ళలో ఒకరైన విలియం ఎల్స్‌వర్త్ హాయ్ గురించి ఈ ప్రసంగం. 1888 నుంచి 1902 దాకా ఆయన పెద్ద లీగుల్లో ఆడారు, దాదాపు ఎప్పుడూ సెంటర్ ఫీల్డ్‌లోనే. మూడేళ్ళ వయసులో మెనింజైటిస్ వచ్చి వినికిడి పూర్తిగా పోయింది. అప్పటి పత్రికలు ఆయన్ని, మూగవాడు అనే అర్థంలో, ‘డమ్మీ’ హాయ్ అని రాసేవి. ఆయన ఆ పేరును తప్పు పట్టలేదు గానీ, మనం హాయ్ అనే పిలుచుకుందాం.

ముందు ఆ స్థానం సంగతి. బేస్‌బాల్ మైదానం విప్పిన విసనకర్రలా ఉంటుంది. పిడి దగ్గర బ్యాటర్ నిలబడతాడు. అక్కణ్ణుంచి 90 అడుగుల భుజాలతో ఒక చతురస్రం, దాని నాలుగు మూలలే బేసులు. నాలుగూ చుట్టి మొదలుపెట్టిన చోటికే చేరితే ఒక పరుగు. చతురస్రం వెనకాల పచ్చికలో ముగ్గురు కాపలా ఉంటారు, మధ్యలో ఉండేవాడు సెంటర్ ఫీల్డర్. బ్యాటర్‌కీ అతనికీ మధ్య దాదాపు 300 అడుగులు. బ్యాట్‌కు బంతి తగిలిన చప్పుడు అంత దూరం రావడానికి పావు సెకను పైనే పడుతుంది. ఆ చప్పుడును బట్టే బంతి నిండుగా తగిలిందా, అంచుకు తగిలిందా అని ఫీల్డర్లు పసిగడతారు. హాయ్‌కి ఆ వీలు లేదు. బ్యాట్ ఊపునీ బంతి లేచిన తీరునీ కంటితో చూసి పరుగు అందుకోవాల్సిందే.

ఆయన పుట్టింది 1862 మే 23న, ఒహాయో రాష్ట్రంలో హౌక్‌టౌన్ అనే చిన్న ఊళ్ళో. కొలంబస్‌లోని బధిరుల పాఠశాలలో చదివి, 1879లో తన తరగతిలో మొదటివాడిగా బయటికి వచ్చారు. తర్వాత సొంత ఊళ్ళో చెప్పులు బాగుచేసే దుకాణం పెట్టారు. ఎండాకాలంలో పల్లె జనం వట్టి కాళ్ళతో తిరిగేవారు, దుకాణానికి బేరాలు ఉండేవి కావు. ఆ తీరికలోనే బంతాట ముదిరింది.

1886లో విస్కాన్సిన్‌లోని ఆష్‌కాష్ జట్టులో చేరారు. మొదటి ఏడాది బ్యాటింగ్ దెబ్బతింది. కారణం చేతకానితనం కాదు. ఆ రోజుల్లో అంపైర్లు తీర్పును నోటితోనే చెప్పేవారు. పడిన బంతి స్ట్రైకో (బ్యాటర్ ఖాతాలో తప్పుగా పడేది), బాలో (బ్యాటర్‌కు అందనంత పక్కగా పోయినది) తెలుసుకోవాలంటే హాయ్ ప్రతిసారీ వెనక్కి తిరిగి అడగాలి. ఆయన మళ్ళీ కుదురుకునేలోపే పిచర్ తర్వాతి బంతి వేసేసేవాడు. ఆ ఏడాది బ్యాటింగ్ సగటు వెయ్యికి 219, అంటే వెయ్యి అవకాశాలకు 219 హిట్లు (బేస్ చేర్చే దెబ్బలు).

మరుసటి ఏడాది ఒక ఏర్పాటు చేసుకున్నారు. మూడో బేస్ పక్కన నిలబడే సొంత జట్టు కోచ్ తీర్పు విని ఎడమ చెయ్యి ఎత్తితే బాల్, కుడి చెయ్యి ఎత్తితే స్ట్రైక్. ఇందులో ఒక సొగసు ఉంది. హాయ్ ఎడమచేతి వాటం బ్యాటర్. అలాంటి బ్యాటర్ ముఖం మూడో బేస్ వైపే ఉంటుంది కాబట్టి, వెనక్కి తిరిగే పనే లేదు. సగటు 367కు ఎగబాకింది. అయితే మొత్తం ఘనత చేతి సైగలకే కట్టబెట్టకూడదు. 1887లో నిబంధనలు బ్యాటర్ వైపు మొగ్గాయి. ఆ ఒక్క ఏడాదీ మూడుకు బదులు నాలుగు స్ట్రైకులు పడితేగానీ అవుట్ కాదు, తగినన్ని బాల్స్ పడి ఉచితంగా బేస్ దక్కినా దాన్నీ హిట్టుగానే లెక్కేశారు.

1888లో వాషింగ్టన్ జట్టు పిలిచింది. ఇక్కడ సమస్య వేరు. గాల్లోకి లేచిన బంతి కోసం ఇద్దరు ఫీల్డర్లు రెండు దిక్కుల నుంచి తలెత్తి పరుగెత్తుకొస్తే ఢీకొంటారు. పళ్ళు రాలతాయి, ఎముకలు విరుగుతాయి. అందుకే ‘నాది’ అని ఒకరు అరవడం, రెండోవారు ఆగడం రివాజు. ఎదుటివాడి అరుపు హాయ్‌కి వినపడదు. అందుకని జట్టు గదిలో ఒక నోటీసు రాసి పెట్టారు. లెఫ్ట్ ఫీల్డర్, రైట్ ఫీల్డర్, షార్ట్‌స్టాప్ (రెండో, మూడో బేసుల మధ్య నిలబడేవాడు), రెండో బేస్‌మన్, ఈ నలుగురికీ అందులో చెప్పింది ఇదీ: బంతి నేను పట్టేటట్లయితే తప్పకుండా అరుస్తాను, మీరు వదిలేయండి, నా అరుపు వినపడలేదంటే నేను రావడం లేదని అర్థం. వినలేనివాడే అరవాలి, వినగలవాళ్ళు తప్పుకోవాలి. 1902లో సిన్సినాటిలో ఆయన పక్కన ఆడిన శామ్ క్రాఫర్డ్, బంతి ఎవరు పట్టాలన్న తికమక తమ మధ్య ఎన్నడూ రాలేదని తర్వాత చెప్పాడు.

ఆ మొదటి ఏడాదే 82 బేసులు దొంగిలించి, అంటే హిట్టు సాయం లేకుండానే అదను చూసి తర్వాతి బేస్‌కు పరుగెత్తి, పెద్ద లీగుల్లో ఒకటైన నేషనల్ లీగ్‌లో అగ్రస్థానంలో నిలిచారు. ఈ అంకెను నేటి కొలతతో చూడకూడదు. 1898కి ముందు, తోటి ఆటగాడు కొట్టిన హిట్టు మీద మామూలుకంటే ఒక బేస్ ఎక్కువ పరుగెత్తినా దొంగిలించినట్టే రాసేవారు.

1889 జూన్ 19న ఇండియానాపొలిస్‌తో ఆట. పరుగు కోసం ఇంటి బేస్‌కు దూసుకొస్తున్న ముగ్గుర్ని, ఒకే ఆటలో, అవుట్‌ఫీల్డ్ నుంచి విసిరి అవుట్ చేశారు. అది మాటలు కాదు. పరుగెత్తేవాడు చేరేలోపు బంతి, బ్యాటర్ వెనక ఉండే క్యాచర్ చేతికి అందాలి, అతను దాన్ని పరుగెత్తేవాడి ఒంటికి తాకించాలి. విసురు కాస్త ఎత్తుగా పోయిందా, బంతి క్యాచర్ తల మీదుగా వెళ్ళిపోయి మిగతా బేసుల మీదివాళ్ళు కూడా ముందుకు జరుగుతారు. ఆ మూడూ అందుకున్న క్యాచర్ పేరు కొన్నీ మాక్. తర్వాత ఫిలడెల్ఫియా అథ్లెటిక్స్‌ను యాభై ఏళ్ళు నడిపించింది ఆయనే.

బఫెలో, సెయింట్ లూయీ, సిన్సినాటి, లూయీవిల్ జట్లకు ఆడి, 1901లో మరో పెద్ద లీగైన అమెరికన్ లీగ్ గెలిచిన షికాగో జట్టులోనూ ఉన్నారు. 1902 మే 16న సిన్సినాటి తరఫున బ్యాట్ పట్టినప్పుడు ఎదురుగా న్యూయార్క్ జెయింట్స్ పిచర్ లూథర్ టేలర్. ఆయనా బధిరుడే. పెద్ద లీగుల్లో ఇద్దరు బధిరులు ఎదురుపడడం అదే మొదలు. హాయ్ సైగల భాషలో పలకరించి, ఆ ఆటలో అతని బంతులకే రెండు హిట్లు కొట్టారు.

అంపైర్లు చేతులెత్తి తీర్పు చూపే పద్ధతి హాయ్ వల్లే వచ్చిందని చాలామంది అంటారు. మా దృష్టిలో ఆ మాటకు ఆధారం పలచన. కోచ్ సైగలు చేశాడన్నది ఖాయం. అంపైర్ల సైగలకు మాత్రం హక్కుదారులు ఇంకా ఉన్నారు, 1905లో లీగులోకి వచ్చిన అంపైర్ బిల్ క్లెమ్ పేరు కూడా చెబుతారు.

ఆట మానేశాక సిన్సినాటి దగ్గర మౌంట్ హెల్తీలో పాడి పశువులు పెట్టుకున్నారు. భార్య అన్నా బధిరుల ఉపాధ్యాయురాలు, ఆమెకూ వినపడదు. వాళ్ళ గుమ్మం దగ్గర పిడి లాగితే సీసపు గుండు ఒకటి చెక్క గాడి గుండా దొర్లి నేల మీద పడేది. ఆ అదురు పాదాలకు తెలిసి వెళ్ళి తలుపు తీసేవారు. 1961 అక్టోబర్ 7న, 99 ఏళ్ళ వయసులో, సిన్సినాటిలో జరిగిన వరల్డ్ సిరీస్ (రెండు లీగుల విజేతల మధ్య పోటీ) మూడో ఆటకు లాంఛనంగా తొలి బంతి విసిరింది హాయే. అదే ఏడాది డిసెంబర్ 15న మరణించారు.

2,000కు పైగా హిట్లు, 1,400కు పైగా పరుగులు, వెయ్యికి 288 సగటు. గొప్ప ఆటగాళ్ళను గౌరవించే, కూపర్స్‌టౌన్‌లోని హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఆయనకు చోటు ఇవ్వాలని బధిర సంఘాలు ఎన్నాళ్ళుగానో అడుగుతున్నాయి. అంకెలు మాత్రమే చూస్తే ఆయన గడప దగ్గర నిలబడతారని ఒప్పుకోవాలి, ఆ కాలంలో అంతకంటే మెరుగైన సగటులు చాలామందికి ఉన్నాయి. సిన్సినాటి జట్టు తన సొంత హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి 2003లో తీసుకుంది. వాషింగ్టన్‌లో బధిరుల కోసం నడిచే గాలొడెట్ విశ్వవిద్యాలయం తన బేస్‌బాల్ మైదానానికి హాయ్ ఫీల్డ్ అని పేరు పెట్టింది.